హారిసన్: ఏ అధ్యాయాలు కొత్తవే కావాలి, ఏవి పాతవైనా చాలు

డాక్టర్లు చదివే పాఠ్యపుస్తకం హారిసన్ ఇంటర్నల్ మెడిసిన్ 19, 20, 21 ఎడిషన్లను చాలాకాలంగా వార్డు పనికీ, పాఠం చెప్పడానికీ పక్కపక్కన పెట్టుకుని వాడాక చెబుతున్న మాట ఇది. చికిత్స రాసేవాళ్ల దగ్గర కొత్త ఎడిషన్ ఉండి తీరాలి. పరీక్షకు చదివే విద్యార్థికి సగం పుస్తకం పాతదైనా నష్టం లేదు.

తేడా ఎక్కడొస్తుందో సంవత్సరాలే చెప్పేస్తాయి. 19వ ఎడిషన్ 2015లో వచ్చింది, సెప్సిస్ (ఇన్ఫెక్షన్ ముదిరి అవయవాలు దెబ్బతినే స్థితి) నిర్వచనం 2016లో మారింది. జ్వరం, నాడి, ఊపిరి, తెల్లకణాల లెక్కతో తేల్చే సర్స్ (SIRS) పద్ధతి పోయి, ఇన్ఫెక్షన్ వల్ల సోఫా స్కోరు (అవయవాలు ఎంత దెబ్బతిన్నాయో చెప్పే అంకె) 2 గానీ అంతకు మించి గానీ పెరగడం ప్రమాణమైంది. 20వది 2018 నాటిది. మూత్రంలో చక్కెరను బయటికి పంపే ఎస్‌జీఎల్‌టీ2 రకం మధుమేహం మందు డాపాగ్లిఫ్లోజిన్, మధుమేహం లేని హార్ట్ ఫెయిల్యూర్ రోగులకూ మేలు చేస్తుందని 2019లో తేలింది. ఆ పుస్తకం ఒక్కటే నమ్ముకుంటే, పంపింగ్ తగ్గిన గుండెకు ఇవాళ రాయాల్సిన నాలుగు రకాల మందుల్లో ఒకటి చీటీలో ఉండదు.

ఈ ఎస్‌జీఎల్‌టీ2 మందుల దగ్గర కాస్త ఆగాలి. మధుమేహం, గుండె, కిడ్నీ, మూడు అధ్యాయాల్లోనూ వీటితో పని పడుతుంది. ఒక్కో అధ్యాయం ఒక్కొక్కరు రాసే పుస్తకం కాబట్టి, గుండె దగ్గర లాభం చదివి ఆపేస్తే ప్రమాదం కంటపడకపోవచ్చు. వీటివల్ల షుగర్ పెద్దగా పెరగకుండానే కీటోఅసిడోసిస్ (డీకేఏ: రక్తంలో కీటోన్లు పేరుకుని ఆమ్లత్వం పెరగడం) రావచ్చు. వాంతులు, ఆయాసంతో వచ్చిన రోగికి గ్లూకోజ్ 180 ఉంటే, 250 దాటాలన్న పాత ప్రమాణం తలలో ఉన్నవాళ్లు డీకేఏ కాదనుకుంటారు. అప్పుడు చూడాల్సింది కీటోన్లు, పీహెచ్, బైకార్బొనేట్. 2024 అంతర్జాతీయ ఏకాభిప్రాయ నివేదిక ఆ 250ని 200కి దించింది. మధుమేహం ఉందని ముందే తెలిస్తే ఆ అంకె కూడా అక్కర్లేదంది. ఇన్సులిన్ మొదలుపెట్టే ముందు సరిచేయాల్సిన పొటాషియం హద్దు కూడా 3.3 నుంచి 3.5కి మారింది. 21వ ఎడిషన్ 2022లో వచ్చింది కనుక ఇవి అందులో ఉండే వీల్లేదు. ఫ్యాటీ లివర్‌కి 2023లో పెట్టిన కొత్త పేరూ అంతే. కాబట్టి కొత్త పుస్తకం కొన్నా, మారిన అంకెల్ని ఆ అధ్యాయం మొదటి పేజీలోనే సంవత్సరంతో సహా పెన్సిల్‌తో రాసుకోవాలి. విడి కాగితాల మీద రాస్తే అవసరమైనప్పుడు దొరకవు.

పాతవైనా నిక్షేపంగా పనికొచ్చేవి చాలానే ఉన్నాయి. గుండె మర్మర్ల (అదనపు శబ్దాల) వర్ణన, యాసిడ్-బేస్ లెక్క, పక్షవాతంలో దెబ్బ ఎక్కడ తగిలిందో తేల్చే పద్ధతి, వ్యాధి పుట్టే తీరు: ఎడిషన్ మారినా వీటి సారం మారదు. రోగలక్షణాల నుంచి జబ్బు వైపు నడిపించే అధ్యాయాలే ఈ పుస్తకానికి ప్రాణం. విద్యార్థులు వాటిని దాటేసి నేరుగా జబ్బుల అధ్యాయాలకు వెళ్లిపోవడం చూస్తే బాధేస్తుంది.

కొనేముందు అట్ట మీది ఎడిషన్ అంకెతో సరిపెట్టుకోవద్దు. మీకు రోజూ పనిపడే నాలుగైదు అధ్యాయాల చివర ‘మరింత చదవడానికి’ ఇచ్చిన జాబితా తెరవండి. అందులో అన్నిటికన్నా కొత్త వ్యాసం, పుస్తకం అచ్చయిన ఏడాదికి ఐదారేళ్ల వెనకదైతే ఆ అధ్యాయం పెద్దగా మారలేదని అనుమానించవచ్చు. ఆస్తమాలో చూడాల్సింది ఒకటే: ఊపిరి గొట్టాలను వెంటనే తెరిచే సాల్బుటమాల్ ఒక్కటే ఇచ్చి సరిపెట్టొద్దని 2019లో గీనా (ఆస్తమా మార్గదర్శకాలిచ్చే అంతర్జాతీయ సంస్థ) చెప్పిన మాట ఉందా, లేదా. హెపటైటిస్ సికి పాత మందైన ఇంటర్‌ఫెరాన్‌నే మొదటి చికిత్సగా చెప్పే ప్రతి కనిపిస్తే, ఎంత చవకగా వచ్చినా మందులు రాయడానికి వాడకండి.

డోసుల విషయంలో ఏ ఎడిషన్నీ ఒంటరిగా నమ్మకూడదు. ముఖ్యంగా కిడ్నీ పనితీరును బట్టి తగ్గించే మందులకు ఈజీఎఫ్ఆర్ (కిడ్నీ వడపోత అంచనా) ఏ ఫార్ములాతో వచ్చిందో ల్యాబ్ రిపోర్టులో చూసి, డోసును ఆ మందు తాజా లేబుల్‌తో సరిచూసుకున్నాకే రాయాలి.