ఆక్వేరియం దుకాణంలో ‘కొండ అడవి సాలమాండర్’

గత ఆదివారం మా అబ్బాయితో కలిసి విశాఖపట్నంలోని ఒక ఆక్వేరియం దుకాణానికి వెళ్ళాను. చేపల విషయంలో ఆ దుకాణాన్ని మెచ్చుకోవలసిందే. తొట్లలో నీరు తేటగా ఉంది, జబ్బుపడిన చేపలను విడిగా ఉంచారు, అడిగినదానికల్లా అక్కడి కుర్రవాడు విసుక్కోకుండా బదులు చెప్పాడు. నా అభ్యంతరమంతా లోపలి గదిలో ‘ఉష్ణమండల కొండ అడవి సాలమాండర్’ అని చీటీ అంటించిన తొట్టి గురించే.

సాలమాండర్ అంటే బల్లిలా కనిపించే, కప్పలకు దగ్గరి ఉభయచర జీవి. అందులో ఉన్నది ఆక్సొలాటల్ అనే నీటి సాలమాండర్. మెక్సికో నగరం దగ్గరి షోచిమిల్కో నీటి కాలువలు దాని పుట్టిల్లు; జీవితమంతా నీటిలోనే గడుపుతుంది. నిజమైన కొండ అడవి సాలమాండర్లు, అంటే మధ్య అమెరికా మేఘారణ్యాలలోని (తరచూ మబ్బు కమ్మి ఉండే కొండ అడవులలోని) బొలిటోగ్లోసా ప్రజాతివి, నేల మీదా చెట్ల మీదా బతికేవి. వాటికి ఊపిరితిత్తులు లేవు. తడి చర్మంతోనూ నోటి లోపలి పొరతోనూ శ్వాసిస్తాయి. పిల్లలు లార్వా దశ లేకుండా గుడ్డులోంచే పూర్తి రూపంతో బయటికి వస్తాయి. వాటిలో ఒకటైన గ్వాటెమాలా జాక్సన్ సాలమాండర్ 1975 తరువాత మళ్ళీ 2017లో గాని కనిపించలేదు. అంత అరుదైన జీవుల పేరును అమ్మకానికి వాడుకోవడం నాకు బాధ కలిగించింది.

పేరు తప్పయితే సరిదిద్దుకోవచ్చు, కానీ ఈ పేరు ప్రాణం మీదికి తెస్తోంది. నీరు వెచ్చగా ఉందేమని అడిగితే, ‘అడవి జీవి కదండీ, వేడికి అలవాటే’ అన్నాడు కుర్రవాడు. గ్వాటెమాలా మనకంటే భూమధ్యరేఖకు దగ్గరే అయినా అక్కడి ఎత్తైన అడవులు చల్లగా ఉంటాయి. లంబసింగి చలి ఎరిగిన మనకు ఇది వేరే చెప్పనక్కరలేదు. షోచిమిల్కో కూడా సుమారు 2,240 మీటర్ల ఎత్తున ఉంది. అందుకే ఆక్సొలాటల్‌కు 16 నుంచి 18 డిగ్రీల నీరు సరిపడుతుంది, 24 దాటితే ప్రమాదం. గాజుకు అంటించిన పట్టీ 28 చూపుతోంది. ఫిల్టరు ధార నేరుగా తగులుతుంటే, ఆ తెల్లటి జీవి గులాబీ కుచ్చుల్లాంటి మొప్పలను ముందుకు ముడుచుకుని, తోక కొస వంచుకుని మూలన నక్కి ఉంది. దాక్కోవడానికి ఒక కుండపెంకైనా వేయలేదు.

ఆక్సొలాటల్ సైటిస్ (ముప్పున్న జీవుల వ్యాపారాన్ని నియంత్రించే అంతర్జాతీయ ఒప్పందం) రెండవ అనుబంధంలో ఉన్న జీవి కాబట్టి, 2022లో సవరించిన వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం దానిని నమోదు చేయించాలి. కాగితాలు అడిగితే తరువాత ఇస్తామన్నారు.

మేము రెండు నీటి మొక్కలు మాత్రమే కొని, చీటీ మార్చమని, నీటిని చల్లబరిచే యంత్రం పెట్టమని చెప్పి వచ్చాము. చేపలకూ మొక్కలకూ ఆ దుకాణానికి నిశ్చింతగా వెళ్ళవచ్చు. ఆ రెండు పనులూ జరిగి, కాగితాలు చేతికి వచ్చేదాకా ఆక్సొలాటల్‌ను మాత్రం అక్కడ కొనకండి.