మైలాపూర్‌లో నాలుగు రోజులు, ఒక్కదాన్నే

అమ్మ పోయి నాలుగు నెలలైంది. ఎనిమిదేళ్ళపాటు ఆవిడ మందుల వేళలే నా వేళలు. ఇప్పుడు తెల్లవారుజామున మెలకువ వచ్చినా ఎందుకు లేవాలో తోచడం లేదు. "ఎక్కడికైనా వెళ్ళిరా, ఒక్కదానివే వెళ్ళు" అన్నారు మావారు. నలభై ఏడేళ్ళొచ్చినా ఒంటరిగా ఊరు దాటింది లేదు. జనవరి చివర్లో విజయవాడలో పినాకిని ఎక్స్‌ప్రెస్ ఎక్కి చెన్నైలో దిగాను.

ముందు బస గురించి చెప్పాలి. ఆన్‌లైన్‌లో డబ్బు కట్టి వెళ్తే, ట్రిప్లికేన్‌లో ఒక లాడ్జివాళ్ళు "ఒంటరి లేడీస్‌కి రూమివ్వం" అనేశారు. బ్యాగు పట్టుకుని రోడ్డు మీద నిలబడేసరికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆ మాట డబ్బు తీసుకునేముందే చెప్పాలి కదా! చివరికి మైలాపూర్ పక్కనే మందవెళిలో ఒక ఇంటి మేడ మీద గది దొరికింది, రోజుకి 1,400. ఇంటావిడ తాతల కాలంలో నెల్లూరు నుంచి వచ్చిన తెలుగువాళ్ళు. గీజర్ లేదు, వేడినీళ్ళు బకెట్‌తో ఇస్తారు. కానీ తలుపు గడియ గట్టిది, వీధిలో రాత్రి పదింటిదాకా జనం ఉంటారు. ఒంటరిగా వెళ్ళే ఆడవాళ్ళకి ఈ రెండూ చాలా ముఖ్యం. బుక్ చేసేముందు ఫోన్ చేసి "ఒక్కదాన్నే వస్తున్నాను" అని చెప్పి అడగండి.

తిరగడానికి ఎమ్మార్టీయెస్ అనే లోకల్ రైలు చాలు. సెంట్రల్ ఎదుట పార్క్ టౌన్‌లో ఎక్కితే తిరుమయిలై (మైలాపూర్ స్టేషన్ పేరు అదే), మందవెళి, గ్రీన్‌వేస్ రోడ్ అన్నీ ఒకే లైన్లో వస్తాయి. మెట్లు ఎక్కువ. చీకటిపడ్డాక స్టేషన్లు బోసిపోయి ఉంటాయి కాబట్టి నేను ఆటోలో వచ్చేదాన్ని.

ఈస్ట్ కోస్ట్ రోడ్డు వైపు జరిగిన ఒకరోజు "మౌన శిబిరానికి" 3,500 కట్టాను. ఆ డబ్బు దండగ. మౌనం మధ్యలో మైకులో పాటలు, ధ్యానంలో ఉన్నవాళ్ళకి ఫొటోలు, సాయంత్రం పైకోర్సుకి చేరమని ఒకటే పోరు. దుఃఖంలో ఉన్న మనిషి దగ్గర అలా బేరాలాడకూడదు. ఆ రాత్రి నాకు నిద్రపట్టలేదు.

మర్నాడు మైలాపూర్ రామకృష్ణ మఠంలో సంధ్యా హారతికి వెళ్ళాను. పేరడిగినవాళ్ళు లేరు, చందా అడిగినవాళ్ళు లేరు. పాట అయ్యాక కూడా చాలామంది కదలకుండా కూర్చున్నారు, నేనూ కూర్చున్నాను. చెన్నై వెళ్తే ఆ గంట తప్పకుండా మిగుల్చుకోండి.

అడయారులో దివ్యజ్ఞాన సమాజం (థియోసాఫికల్ సొసైటీ) తోటలోకి సందర్శకులని కొన్ని వేళల్లోనే రానిస్తారు, ముందే కనుక్కుని వెళ్ళండి. అక్కడి పెద్ద మర్రి వయసు నాలుగు వందల ఏళ్ళ పైమాటే అంటారు. దాని తల్లి మాను 1989లో గాలివానకి కూలిపోయింది. ఇప్పుడు చెట్టుని మోస్తున్నవి ఊడలే. ఒక ఊడ మీద చెయ్యి వేసి చూశాను. గరుగ్గా, ఎండకి వెచ్చగా ఉంది. దాని చుట్టూ చీమల బారు ఒకటి పైకి పోతోంది. అవి కనపడకుండా పోయేదాకా చూస్తూనే ఉండిపోయాను. ఎనిమిదేళ్ళలో దేన్నీ అంతసేపు చూసిన గుర్తు లేదు.

మదనపల్లెలో పుట్టిన తత్త్వవేత్త జిడ్డు కృష్ణమూర్తి 1909లో తండ్రితో ఈ అడయారుకే వచ్చారు. అప్పటికే పదేళ్ళ వయసులో తల్లిని పోగొట్టుకున్న పిల్లవాడు. ఆయన్ని జగద్గురువుగా చూపించాలని దివ్యజ్ఞాన సమాజం పెద్దలు పెట్టిన సంఘాన్ని 1929లో ఆయనే రద్దు చేశారు. నది దాటి గ్రీన్‌వేస్ రోడ్డుకి వస్తే ఆయన ఉన్న వసంత విహార్ ఉంది. 1986 జనవరిలో, పోవడానికి నెల ముందు, ఆఖరి ప్రసంగాలు ఇక్కడే ఇచ్చారు. లైబ్రరీలో ఒక పుస్తకం తెరిచాను గాని రెండు పేజీలు కూడా సాగలేదు. బయటికొచ్చి చెట్ల కింద కూర్చున్నాను. ఏం చెయ్యాలో చెప్పేవాళ్ళు లేరు, టైమైంది లెమ్మనేవాళ్ళు లేరు. అక్కడే మొదటిసారి గట్టిగా ఏడ్చాను. నాలుగు రోజుల్లో నేను వెతికింది దొరికిన చోటు ఏదంటే ఇదే చెబుతాను.

ఆఖరి సాయంత్రం కపాలీశ్వరుడి గుడికి వెళ్ళాను. అమ్మవారు నెమలి రూపంలో శివుణ్ణి కొలిచిందని చెప్పే పొన్నచెట్టు గుడి ఉన్నది ఈ ఆవరణలోనే. మాడవీధిలో ఒక ముసలావిడ అరటినారతో మల్లెలు కడుతోంది. వేళ్ళకేసి చూడకుండానే రెండు పూలు ఇటు, రెండు అటు పెట్టి ముడి బిగిస్తోంది. నా మాట విని తెలుగులోకి దిగింది.

"ఒక్కదానివే వచ్చినావామ్మా?"

"అవునమ్మా."

"ఎన్ని మూరలు?"

"రెండు" అన్నాను అలవాటుగా. ఇంట్లో రోజూ రెండే తీసుకునేదాన్ని, దేవుడికొకటి, అమ్మకొకటి. ఆవిడ మోచేతితో కొలిచి, ఇంకో జానెడు కలిపి తుంచింది. ఒక మూర గుళ్ళో అమ్మవారు కర్పగాంబాళ్‌కి ఇచ్చాను. రెండోది తల్లో పెట్టుకున్నాను.