కోఠీలో కార్డు బతికించిన చాచా

కోఠీ గుజరాతీ గల్లీలో, కెమెరా దుకాణాల మీది అంతస్తులో ఉంది ఈ రిపేరు షాపు. బోర్డు మీద అక్షరాలు చెరిగిపోయాయి. అందరూ చాచా షాపు అంటారు, నేనూ అదే అంటాను. లిఫ్టు లేదు. బండి పెట్టుకునే చోటు కూడా లేదు, ఆటోలో వెళ్లండి.

నేను డాక్యుమెంటరీలు తీస్తాను. పదకొండేళ్లుగా ఎక్కువ పని భద్రాచలం, చింతూరు, కుంట దారిలోనే. 2005లో ఛత్తీస్‌గఢ్‌లో మావోయిస్టుల మీదికి ప్రభుత్వ అండతో సల్వాజుడుం అనే దళం మొదలయ్యాక, దానికీ మావోయిస్టులకీ మధ్య నలిగిపోయి అక్కడి బస్తర్ నుంచి మన అడవుల్లోకి వచ్చేసిన గుత్తికోయ ఆదివాసుల గూడేలు ఈ దారిలో ఉన్నాయి. గిరిజన యువకుల్ని ఎస్పీవోలుగా, అంటే ప్రత్యేక పోలీసులుగా పెట్టి తుపాకులివ్వడం చెల్లదని సుప్రీంకోర్టు 2011లో చెప్పింది. అయినా చాలామంది వెనక్కి పోలేదు.

మొన్న వేసవిలో మూడు వారాలు అక్కడ షూట్ చేసి తిరిగొచ్చి, కెమెరా మెమరీ కార్డు పెడితే, ఫార్మాట్ చేయాలా అని అడిగింది కంప్యూటర్. నాకు చేతులు చల్లబడ్డాయి. ఒక పెద్ద సర్వీస్ సెంటర్‌కి పరిగెత్తాను. కార్డు ఇచ్చి వెళ్లండి, పది రోజులు పడుతుందన్నారు. ఎవరు తెరుస్తారు అంటే జవాబు లేదు. నా భయమల్లా అదే. పేరు చెప్పొద్దని బతిమాలి మాట్లాడినవాళ్లున్నారు అందులో. ఎడిటింగ్‌లో ముఖాలు మసక చేస్తానని మాటిచ్చాను. కార్డులో మసక లేదు కదా.

చాచా మొదట అడిగింది ఒక్కటే: "దీంట్ల మళ్ల ఏమన్న షూట్ చేసిన్రా మేడమ్?" లేదన్నాను. "అయితే పరేషాన్ గాకుండ్రి." కార్డు అంచున ఉన్న బుల్లి తాళాన్ని గోటితో కిందికి జరిపాడు, ఇక దాని మీద ఏదీ రాయడం కుదరదు. ముందు మొత్తం కార్డుకి నకలు తీసి, అసలుది నా చేతిలో పెట్టేశాడు. పనంతా నకలు మీదే, నేను పక్కన స్టూలు మీద కూర్చుని ఉండగానే. అయిదు గంటలు. ఒక్క క్లిప్పూ ఆడించి చూడలేదు. సైజులు చూసి సరే అనుకున్నాడు. చివర్లో తన దగ్గరున్న నకలు నా ముందే చెరిపేశాడు.

2022లో రష్యా ముట్టడించిన ఉక్రెయిన్ నగరం మరియుపోల్ నుంచి బయటపడ్డ అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ విలేఖరులు, ఒక నర్సమ్మ లాంటి వైద్య సహాయకురాలి వీడియోలున్న గోరంత కార్డుని నెలసరికి వాడే టాంపాన్‌లో దాచి, 15 రష్యన్ చెక్‌పోస్టులు దాటించారు. నేనేమో నాది పర్సులో చిల్లర పక్కన వేసుకొచ్చాను. చాచా తిట్టింది కూడా దానికే.

3,500 తీసుకున్నాడు. బిల్లు అడిగితే చిత్తుకాగితం మీద రాసిచ్చాడు, అది నాకు నచ్చలేదు. శుక్రవారం మధ్యాహ్నం షాపు ఉండదు. ఫైళ్లకి పేర్లూ తేదీలూ పోయాయి. 214 క్లిప్పుల్లో ఏది ఏ గూడెమో చూసుకుంటూ నాలుగు రాత్రులు కూర్చున్నాను. దొరికిన ఫైళ్లు వేసుకోడానికి ఖాళీ డ్రైవ్ మీరే తీసుకెళ్లండి, అక్కడ కొంటే ఎక్కువ పడుతుంది.