చెన్నైలో దేవుళ్ళ బొమ్మలు చూడాలంటే: ఎగ్మోర్, మైలాపూర్, మహాబలిపురం

ఎగ్మోర్ మ్యూజియానికి శుక్రవారం సెలవు. ఈ సంగతి ముందు చెప్పేస్తున్నాను, ఎందుకంటే మనవైపు నుంచి వెళ్ళేవాళ్ళు చాలామంది శుక్ర, శని, ఆదివారాలు కలిసొస్తాయని ప్లాన్ వేసుకుంటారు. శనివారం పొద్దున్న అక్కడుండేలా చూసుకోండి. విజయవాడలో పొద్దున్నే పినాకిని ఎక్స్‌ప్రెస్ ఎక్కితే మధ్యాహ్నానికి చెన్నై సెంట్రల్. అక్కణ్ణుంచి ఎగ్మోర్ మెట్రోలో ఒక్క స్టేషనే.

నాతో మా మేనత్త వచ్చింది. గుడి అంటే ప్రాణం, మ్యూజియం అంటే "పూజ లేని దేవుళ్ళు" అని చిరాకు. ఆమెను ముందు మ్యూజియానికే తీసుకెళ్ళాను. ఈ యాత్రలో గట్టిగా చెప్పదలచుకున్నది కూడా అదే: ముందు మ్యూజియం, ఆ తర్వాతే గుడి. గుళ్ళో ఉత్సవమూర్తికి పట్టుబట్టలు, పూలదండలు, నగలు వేశాక మనకు కనిపించేది ముఖం ఒక్కటే. చేతులు ఏం చెబుతున్నాయో, కాలు ఎక్కడుందో, ఏ చెవికి ఏ కుండలం ఉందో తెలియాలంటే అలంకారం లేని విగ్రహం చుట్టూ తీరిగ్గా తిరగాలి.

1851లో మొదలైన ఈ మ్యూజియంలో అమరావతి శిల్పాల గది మనవాళ్ళకు సొంతిల్లే. 1797లో కాలిన్ మెకంజీ అనే బ్రిటిష్ సర్వేయరు కంటబడిన అమరావతి స్తూపాన్ని 1845లో వాల్టర్ ఇలియట్ అనే బ్రిటిష్ అధికారి తవ్వించాడు. ఆ పలకల్లో కొన్ని లండన్ చేరాయి, చాలా ఇక్కడున్నాయి. పల్నాటి సున్నపురాయి అంత మెత్తగా చెక్కుడుకు లొంగుతుందని దగ్గరికెళ్ళి చూస్తేగానీ నమ్మలేం.

ఒక పలక ముందు అత్తయ్య ఆగిపోయింది. చుట్టూ జనం దణ్ణాలు పెడుతున్నారు, మధ్యలో సింహాసనం, దాని మీద ఎవరూ లేరు. "ఏరా, దేవుడేడీ?" అంది. "ఆ ఖాళీయే అత్తయ్యా" అన్నాను. తొలినాటి బౌద్ధ శిల్పులు బుద్ధుణ్ణి చాలాచోట్ల మనిషి రూపంలో చెక్కలేదు. పాదముద్రలు, ధర్మచక్రం, బోధివృక్షం, మంటలు లేచే స్తంభం, ఇవే ఆయన. ఆ తర్వాతి కాలంలో రూపం వచ్చింది. ఒకే గదిలో రెండూ పక్కపక్కన కనిపించడం ఇక్కడి అదృష్టం.

బుద్ధుడి మీదికి ఉసిగొల్పిన నలగిరి ఏనుగు పలకను మాత్రం కంగారుగా దాటెయ్యకండి. గుండ్రటి పతకం లాంటి శిల్పం. ఎడమవైపు మదమెక్కిన ఏనుగు వీధిలో మనుషుల్ని తొక్కేస్తోంది, కుడివైపు అదే ఏనుగు బుద్ధుడి కాళ్ళ దగ్గర మోకరిల్లింది. కథలో ముందూ వెనకా రెండూ ఒకే చట్రంలో. మేడ కిటికీల్లోంచి జనం తొంగిచూస్తున్నారు. భయపడిన ఒకామె పక్కవాళ్ళను గట్టిగా పట్టుకుంది. బుద్ధుడి భిక్షాపాత్రను దేవతలు నాట్యం చేస్తూ స్వర్గానికి మోసుకుపోయే పతకం కూడా ఇక్కడే ఉంది.

కంచు విగ్రహాల గదికి కనీసం రెండు గంటలు ఉంచుకోండి. తిరువాలంగాడు అనే ఊళ్ళో దొరికిన నటరాజు ఉన్నది ఇక్కడే. ఫ్రెంచి శిల్పి రోడాఁ ఫోటోలు చూసి మురిసిపోయి 1913లో వ్యాసం రాసింది ఈ నటరాజు మీదే. ఇప్పుడు చుట్టూ జ్వాలల తోరణం లేదు. లేకపోవడమే మేలేమో అనిపించింది, చూపు తిన్నగా ఒంటి వంపు మీదికే పోతుంది. కుడి పైచేతిలో డమరుకం సృష్టికి, ఎడమ పైచేతిలో అగ్ని లయానికి. ముందున్న కుడిచెయ్యి అభయం. ఏనుగు తొండంలా వాలిన ఎడమచెయ్యి పైకెత్తిన పాదాన్ని చూపిస్తుంది, అదే శరణు. కింద నలుగుతున్న మరుగుజ్జు అపస్మారుడు, మన అజ్ఞానం.

అయినా నా ఓటు తిరువెంగాడు అర్ధనారీశ్వరుడికే. శివుడి వైపు రెండు చేతులు, పార్వతి వైపు ఒకటి. ఆ లెక్క కుదరకూడదు, కానీ విగ్రహం ఎక్కడా ఒరిగినట్టు ఉండదు. శివుడి చెయ్యి ఆనాల్సిన నంది ఇప్పుడు లేదు, ఆ చెయ్యి గాల్లోనే వాలి ఉంది.

బస సంగతి. ఎగ్మోర్ స్టేషన్ చుట్టుపక్కల లాడ్జీలు చవక, తెలుగు మాట్లాడేవాళ్ళు దొరుకుతారు. మేం దిగినచోట వేడినీళ్ళు పొద్దున్న రెండు గంటలే, రాత్రంతా హారన్ల గోల. నిద్ర ముఖ్యమనుకుంటే మైలాపూర్ వైపు చూడండి. కాస్త ఖరీదు ఎక్కువ, డిసెంబరు కచేరీల సీజన్లో రూము దొరకడమే గగనం. కానీ పొద్దున్న కపాలీశ్వరుడి గుడికి నడిచి వెళ్ళొచ్చు, చుట్టూ టిఫిన్‌కి లోటు లేదు. మధ్యాహ్నం గుడి మూసేస్తారు, నాలుగింటి దాకా ఆగాలి.

గుళ్ళో పొన్నచెట్టు దగ్గర చిన్న సన్నిధి ఉంది. శివుడు చెబుతుంటే వినకుండా నెమలి ఆటను చూసిన పార్వతి శాపం పొంది, ఆడనెమలిగా పుట్టి ఇక్కడ లింగాన్ని పూజించిందని కథ. గోపురం మీది రంగురంగుల సున్నపు బొమ్మల్ని అత్తయ్య ఈసారి చేతులతో సహా లెక్కపెట్టింది. అక్కణ్ణుంచి ఆటోలో శాంథోమ్ చర్చికి వెళ్ళాం. పీఠం దగ్గర క్రీస్తు తామరపువ్వు మీద నిలబడ్డాడు, రెండు వైపులా నెమళ్ళు. తొలి క్రైస్తవ చిత్రాల్లోనూ నెమలి చావులేని జీవితానికి గుర్తు. మైలాపూర్ పేరులోనే నెమలి ఉంది (తమిళంలో 'మయిల్'). ఆ ఊరి నెమలీ, మతం నెమలీ ఒకచోట కలిశాయి. అత్తయ్య చెప్పులు విడిచి దణ్ణం పెట్టేసింది.

మహాబలిపురంలో ఒక రాత్రి ఉండండి. చెన్నై నుంచి ఉదయం బయల్దేరి సాయంత్రం తిరిగొచ్చే ట్రిప్పులు దండగ. అర్జునుడి తపస్సు అనే పెద్ద శిల్పఫలకం తూర్పుముఖం, పొద్దుటెండ పడితేనే దాని అందం. రోడ్డు మీదినుంచే కనిపిస్తుంది. తపస్సు చేస్తున్నది అర్జునుడా, గంగ కోసం భగీరథుడా అన్నది ఇప్పటికీ తెగలేదు. మధ్య చీలికలో నీటికి గుర్తైన నాగులున్నాయి కాబట్టి నేను గంగ పక్షం. కాళ్ళు ఎత్తి దొంగతపస్సు చేసే పిల్లినీ, దాన్ని నమ్మిన ఎలుకల్నీ వదలకండి. మా గైడు పది నిమిషాల్లో కథ ముగించి రాతిబొమ్మల షాపుకి దారి తీశాడు. గైడు లేకుండానే మహిషమర్దిని గుహకు ఎక్కండి. ఒక గోడ మీద సింహమెక్కి విల్లు ఎక్కుపెట్టిన దుర్గ, ఎదుటి గోడ మీద హాయిగా శేషశయ్య మీద విష్ణువు. ఈ గుహను చెక్కించిన పల్లవ రాజుల కాలపు మహిషుడు ఓడిపోయి పడి లేడు. మనిషి ఒంటికి దున్న తల, ఇంకా గద పట్టుకునే ఉన్నాడు.

తిరిగొచ్చేటప్పుడు ఈసీఆర్ (ఈస్ట్ కోస్ట్ రోడ్డు) మీదే ఇంజంబాక్కంలో చోళమండల్ కళాకారుల గ్రామం తగులుతుంది. 1966లో చిత్రకారుడు కె.సి.ఎస్. పణిక్కర్ మొదలుపెట్టింది. ఆయన 'పదాలు, సంకేతాలు' వరుస చిత్రాల్లో జాతకచక్రాల గళ్ళు, ఏ భాషకీ చెందని అక్షరాల్లాంటి గీతలు ఉంటాయి. టైము లేకపోతే ఇది మానుకోవచ్చు. అత్తయ్య మాత్రం అలాంటి బొమ్మ ఒకటి కనబడితే కళ్ళజోడు సర్దుకుని చాలాసేపు వెతికింది. "గళ్ళు వేశాడు సరే, ఇంతకీ లగ్నం ఎక్కడ పెట్టాడురా?"