ఓడలు నడిచే కాలువ: విశాఖ పాతనగరంలో రెండున్నర గంటలు

మాది విజయవాడ. కాలువ అంటే ఏమిటో మాకు ఎవరూ చూపించనక్కర్లేదు. ఏలూరు కాలువ, బందరు కాలువ, రైవస్ కాలువ ఊరిని చీల్చుకుంటూ పోతాయి. పొద్దున లేచి వంతెన ఎక్కి దిగకుండా ఏ పనీ జరగదు. అందుకే మా ఆడపడుచు ఫోను చేసి, "వదినా, ఈసారి వచ్చినప్పుడు పాతనగరంలో గైడుతో నడుద్దాం, ఛానల్, అదే ఓడలు రేవులోకి వచ్చే కాలువ, కూడా చూపిస్తారట, మనిషికి 500 రూపాయలు" అన్నప్పుడు నవ్వొచ్చింది. విశాఖ వెళ్లి సముద్రం చూస్తారు గానీ కాలువ చూడటం ఏమిటి, అదీ డబ్బిచ్చి! ఆమెకు పెళ్లయి ఆ ఊరు వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. కనకమహాలక్ష్మి గుడికి తప్ప పాతనగరం వైపు ఎప్పుడూ వెళ్లలేదని తానే ఒప్పుకుంది.

బస సంగతి ముందే చెప్పేస్తాను, మేం పొరపాటు చేసింది అక్కడే కాబట్టి. వాళ్లింట్లో రంగులు వేయిస్తున్నారు, అందుకని హోటలు చూసుకున్నాం. మా వారు సముద్రం కనిపించాలని పట్టుబట్టి రుషికొండ వైపు గది తీసుకున్నారు. రోజుకు 3,800. బాల్కనీ, అలల చప్పుడు, అన్నీ బాగానే ఉన్నాయి. కానీ అక్కడి నుంచి పాతనగరం పది కిలోమీటర్లకు పైనే. నడక ఉదయం 6:30కి మొదలు. అంత పొద్దున టిఫిను ఉండదన్నారు, కాఫీకి కూడా ఏడు దాటాలన్నారు. బండి కోసం ఫోనులో వెతికితే ఒకాయన వస్తానని చెప్పి రాలేదు. ముందురోజు సాయంత్రమే ఖాళీ చేసి జగదాంబ కూడలి దగ్గర 1,900 గదికి మారిపోయాం. కిటికీ తెరిస్తే పక్క భవనం గోడ. అయితేనేం, తెల్లవారుజామున అయిదుకు తలుపు తట్టి కాఫీ ఇచ్చారు, వేడినీళ్లు వచ్చాయి. పాతనగరం చూడటానికే వచ్చేవాళ్లు సముద్రం గదిని మరో ప్రయాణానికి దాచుకోవడం మంచిది. మా వారు ఈ మాట ఇప్పటికీ ఒప్పుకోరు.

నడక టౌన్‌హాల్ దగ్గర మొదలైంది. పద్నాలుగు మందిమి. గైడు పాతికేళ్లు దాటిన కుర్రవాడు, మెడలో చిన్న మైకు, చేతిలో పాత ఫోటోల దస్త్రం. టౌన్‌హాల్ 1904 నాటి రాతి కట్టడం, బొబ్బిలి రాజావారు కట్టించింది. ఒకప్పుడు దాని ముందే సముద్రం ఉండేదట. 1970ల్లో ఔటర్ హార్బర్, అంటే బయటి రేవు, కట్టాక సముద్రం కాస్త దూరం జరిగింది, ఆ చోటును పోర్టు ఆక్రమించింది. పాత ఫోటో చేతిలో పెట్టుకుని మెట్ల మీద నిలబడితే గానీ ఆ మార్పు ఊహకు అందదు. ఇలాంటి చోట గైడు ఉండటం నిజంగా ఉపయోగం.

పక్కనే క్వీన్ మేరీస్ బాలికల పాఠశాల. ఆదివారం కాబట్టి గేటు బయటి నుంచే చూశాం. అక్కడ నిలబెట్టి గైడు ఈస్టిండియా కంపెనీ చరిత్ర మొత్తం ఏకరువు పెట్టాడు. 1680ల్లో వ్యాపార కోఠీ పెట్టడం, 1689లో ఔరంగజేబు సేనలు వచ్చి దాన్ని పట్టుకోవడం, 1757లో ఫ్రెంచి సేనాని బుస్సీ చేతికి ఊరు చిక్కడం. సంవత్సరాలు గడగడా వచ్చాయి. నాకు నిలబడి నిలబడి కాళ్లు పీకాయి. ఇంత చరిత్ర ఒకే గేటు దగ్గర పోయడం కంటే దారి పొడవునా కొంచెం కొంచెం చెబితే తలకెక్కేది. ఇది నా ఫిర్యాదుల్లో మొదటిది.

రెండోది ఫోటోలు. విక్టోరియా రాణి విగ్రహం ఉన్న చిన్న మంటపం దగ్గర, ఊళ్లో వాళ్లు రాణిబొమ్మ అంటారు, ఇరవై నిమిషాలు పోయాయి. జంటలుగా ఒకసారి, అందరూ కలిసి ఒకసారి, ఎగురుతూ ఒకసారి. అదే ఇరవై నిమిషాలు సోల్జర్‌పేటకు ఇచ్చి ఉంటే ఎంత బాగుండేది! పేరులోనే సిపాయిలున్న ఆ పేటను మేం దాదాపు పరుగెత్తి దాటాం. ఒక అరుగు మీద పెద్దావిడ బియ్యం ఏరుకుంటూ మా గుంపును వింతగా చూసింది. ఆగి పలకరించాలనిపించింది. "టైం లేదమ్మా" అన్నాడు గైడు.

కానీ ఆ తర్వాతి ముప్పావుగంటకు నేను అతనికి అన్నీ క్షమించేశాను.

పాతనగరంలో ఛానల్ ఒడ్డున మూడు గుట్టలు పక్కపక్కనే ఉన్నాయి. ఒకదాని మీద మేరీమాత చర్చి, ఒకదాని మీద దర్గా, మరొకదాని మీద వేంకటేశ్వరస్వామి గుడి. గుడిని 1866లో బ్లాక్‌మూర్ అనే ఆంగ్లేయ కెప్టెన్ కట్టించాడని చెబుతారు. చర్చి ఉన్నదాని పేరు రాస్ హిల్, 1864లో అక్కడ ఇల్లు కట్టుకున్న రాస్ దొర పేరు మీద. మేం ఎక్కింది అదే. మా వారి మోకాలి నొప్పి దృష్ట్యా నెమ్మదిగా ఎక్కాం. మిగిలిన వాళ్లు ముందు వెళ్లిపోయినా గైడు మాత్రం మా వెంటే ఉన్నాడు, నీళ్ల సీసా కూడా అతనే మోశాడు. ఇది మెచ్చుకోవాల్సిందే.

పైన అంచుకు వెళ్లి కిందికి చూస్తే మా ఆడపడుచు నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఇళ్ల కప్పుల వెనక నుంచి ఓడ వస్తోంది. సముద్రంలో దూరంగా కనిపించే ఓడ కాదు. మేడల మధ్య మరో మేడ కదిలినట్టు, ముందొకటి వెనకొకటి టగ్గు పడవలు పట్టుకుని నడిపిస్తుంటే, ఎదుటి యారాడ కొండకూ మాకూ మధ్యనున్న సన్నటి నీటిదారిలోంచి లోపలికి పోతోంది. డెక్కు మీద నారింజరంగు దుస్తుల్లో ఒకతను తాడు చుట్టుకుంటున్నాడు. అతని టోపీ కూడా కనిపించింది. పద్నాలుగు మందిమీ మాట్లాడటం మానేశాం. గైడు మైకు కట్టేసి పక్కన నిలబడ్డాడు. ఆ కుర్రవాడికి ఆ మాత్రం తెలుసు.

ఓడ మలుపు తిరిగి కనుమరుగయ్యాక చెప్పాడు. ఇక్కడ మునుపు ఉన్నది ఉప్పునీటి బురద నేల. మేఘాద్రి గెడ్డ, నరవ గెడ్డ లాంటివి కొండల మీది నీటిని తెచ్చి అందులో కలిపేవి. ఉత్తరాంధ్రలో చిన్న ఏరును గెడ్డ అంటారు. ఓడలు ఒడ్డుకు రాలేక దూరంగా సముద్రంలోనే లంగరు వేసేవి, సరుకు పలకలను తాళ్లతో కుట్టిన మసూలా పడవల్లో అలల మీదుగా చేరేది. మధ్య భారతంలో తవ్విన మాంగనీసును ఎగుమతి చెయ్యడానికి రేవు కావాలని ఆ బురదను తవ్వి, సముద్రంలోకి దారి తీశారు. దక్షిణపు గాలి అలల నుంచి కాపాడటానికి యారాడ కొండ, అదే డాల్ఫిన్స్ నోస్, అడ్డంగా ఉండనే ఉంది. తంటా అంతా ఇసుకతోనే. ఈ తీరంలో ఇసుక దక్షిణం నుంచి ఉత్తరానికి కొట్టుకొస్తూ ఉంటుంది, తవ్విన దారి నోరు పూడిపోతుంది. దానికి ఇంజనీర్లు పన్నిన ఉపాయం వింటే ఆశ్చర్యం వేసింది. జానస్, వెల్లెడ్సన్ అనే రెండు ముసలి ఓడలను తెచ్చి నోటి దగ్గర ముంచేసి, వాటినే అడ్డుకట్ట చేశారు. 1933 అక్టోబరు 7న జలదుర్గ అనే ఓడ మొదటిసారి లోపలికి వచ్చింది. డిసెంబరు 19న వైస్రాయి విల్లింగ్డన్ వచ్చి రేవును లాంఛనంగా ప్రారంభించాడు.

మా కృష్ణా కాలువలు పొలాలకు నీళ్లు పెట్టడానికి తవ్వినవి. ఇది ఓడలకు దారి ఇవ్వడానికి తవ్వింది. కాలువ కాదని ఇక నేను వాదించలేదు.

అదే గుట్ట మీద 1804 సెప్టెంబరు 15 నాటి యుద్ధం కథ కూడా చెప్పాడు. లినోయా నాయకత్వంలో ఫ్రెంచి ఓడలు రావడం, రెండు వర్తక నౌకలకు కాపలాగా ఉన్న ఆంగ్లేయుల యుద్ధనౌక సెంచూరియన్ ఒక్కటే వాటితో తలపడటం, వర్తక నౌకల్లో బార్నబీ ఒడ్డుకు కొట్టుకుని బద్దలవడం, ప్రిన్సెస్ షార్లట్ శత్రువు చేతికి చిక్కడం. ఎదురుగా నీళ్లు కనిపిస్తుండగా విన్నాం కాబట్టి ఈ సంవత్సరం మాత్రం గుర్తుండిపోయింది. గేటు దగ్గర చెప్పినవి ఎందుకు గుర్తులేవో అప్పుడు అర్థమైంది.

దిగి కురుపాం మార్కెట్ మీదుగా నడిచాం. ఇత్తడి సామాన్లు, పూజాద్రవ్యాలు, వెండి దుకాణాలు. చాలావరకు ఇంకా తలుపులు తీయలేదు. మార్కెట్ చూడాలనుకునేవాళ్లు మళ్లీ పది గంటలకు రావాలి. చివర కనకమహాలక్ష్మి గుడి ఉన్న బురుజుపేట. ఇక్కడ గైడును పక్కకు నెట్టి మా ఆడపడుచే మొదలుపెట్టింది. కోట బురుజు ఉన్న చోటు కాబట్టి బురుజుపేట. అమ్మవారు బావిలో దొరికిందని చెబుతారు. గర్భగుడికి పైకప్పు లేదు. కులం, మతం అడ్డు లేకుండా ఎవరైనా స్వయంగా అమ్మవారిని తాకి పసుపుకుంకుమలు పెట్టవచ్చు. ఆమె చెబుతుంటే గుంపులోని హైదరాబాదు పిల్లలు గైడును వదిలేసి ఆమె చుట్టూ చేరారు. నడకలో నాకు నచ్చిన రెండో ఘట్టం ఇది. అన్నట్టు, మార్గశిర మాసంలో గురువారాలు మాత్రం ఈ నడక పెట్టుకోకండి. ఆ వీధిలో అడుగు తీసి అడుగు వెయ్యలేరు.

500 రూపాయలకు తగినదేనా అంటే, రాస్ హిల్ ఒక్కదానికే ఇవ్వవచ్చు. అయితే దారిలో ఎక్కడా మరుగుదొడ్డి సదుపాయం చూపించలేదు. రెండున్నర గంటలు, అందులో పెద్దవాళ్లు. నిర్వాహకులకు ఈ ఆలోచన ముందే ఉండాలి. డబ్బు కట్టేటప్పుడు ఇస్తామన్న టిఫిను ఒక బిస్కట్ పొట్లం, చిన్న పళ్లరసం డబ్బా అయింది. మేం బయటపడి పూర్ణా మార్కెట్ దగ్గర ఇడ్లీ, అల్లం పచ్చడి తిన్నాక గానీ ప్రాణం లేచిరాలేదు.

మర్నాడు గైడు లేకుండా భీమిలి వెళ్లాం. అక్కడ డచ్చివాళ్ల సమాధులున్నాయి, 17వ శతాబ్దం నాటివి కూడా. రాతి పలకల మీద చెక్కడపు పని చాలా బాగుంది, కానీ ఎవరు ఎవరో చెప్పే మనిషి లేకపోవడంతో పది నిమిషాల్లో బయటికి వచ్చేశాం. బీచ్ రోడ్డులో ఇప్పుడు ప్రదర్శనశాలగా ఉన్న కురుసుర జలాంతర్గామిలో మాత్రం లోపలే వివరించే మనిషి ఉన్నాడు. నౌకాదళంలో పనిచేసి వచ్చినాయన. ఇంత ఇరుకులో ఎలా నిద్రపోయేవారో చెప్పడానికి తాను చెయ్యి ముడుచుకుని చూపించాడు. తేదీలు ఒకటో రెండో తప్ప చెప్పనేలేదు. పాతనగరం కుర్రవాడు ఆయన దగ్గర ఒక పూట కూర్చుంటే బాగుంటుంది.

తిరుగు ప్రయాణానికి ముందు సాయంత్రం నాకొక పట్టుదల పుట్టింది. గైడు పేరు మాత్రమే చెప్పి వదిలేసిన గెడ్డలు ఏమయ్యాయో చూడాలని. ఊళ్లో నుంచి రేవులోకి పోయే ఎర్రిగెడ్డ దగ్గరికి ఆటో మాట్లాడాం. రెండు వైపులా సిమెంటు గోడలు, మధ్యలో నల్లటి నీరు, ప్లాస్టిక్ కవర్లు. ముక్కు మూసుకుని అయిదు నిమిషాలు నిలబడ్డాం.

"ఇక్కడేం చూస్తారమ్మా?" అన్నాడు ఆటో అతను.

"కాలువ" అన్నాను.

అతను ఒకసారి నీళ్లకేసి, ఒకసారి నాకేసి చూశాడు. "మా తాత ఇందులో చేపలు పట్టేవాడటమ్మా" అన్నాడు. ఎక్కడ పట్టేవాడో, ఏ చేపలో అడిగితే బండి దిగి వచ్చి గోడ పక్కన నిలబడి పది నిమిషాలు చెప్పాడు. దిగేటప్పుడు ఆగినందుకు 40 రూపాయలు అదనంగా అడిగాడు. మా వారు బేరం మొదలుపెట్టబోతే నేనే తీసి ఇచ్చేశాను.