మెగాడెత్‌ని లాస్‌లెస్‌లో వినేముందు ఏ ఏటి మిక్సో చూసుకోండి

ముందే చెప్పేస్తా, లాస్‌లెస్ (రికార్డింగ్ డేటా ఏమీ పోగొట్టకుండా ఇచ్చే ఆడియో) ఆన్ చేయగానే మెగాడెత్ ఆల్బమ్స్ అన్నీ అదిరిపోతాయనుకుంటే పొరపాటే. కొన్ని నిజంగానే అదిరిపోతాయి, కొన్నింట్లో మాత్రం చెడగొట్టిన మిక్స్ (గొంతు, గిటార్లు, డ్రమ్స్ ట్రాకుల్ని కలిపిన తీరు) ఇంకా బాగా వినపడుతుంది, అంతే తేడా. 1986 నుంచి 1992 మధ్య వచ్చిన నాలుగు ఆల్బమ్స్‌ని ఆపిల్ మ్యూజిక్ లాస్‌లెస్‌లోనూ, పాత సీడీల నుంచి రిప్ చేసుకున్న ఫ్లాక్ (ఇదీ లాస్‌లెస్ ఫార్మాటే) ఫైళ్లలోనూ మార్చి మార్చి విని రాస్తున్నా. వైర్ హెడ్‌ఫోన్స్, టైప్-సి డాంగిల్, అంతకుమించి ఖరీదైన సరంజామా ఏమీ లేదు.

బ్యాండ్ తెలియనివాళ్లకి రెండు ముక్కలు. 1983లో మెటాలికా నుంచి బయటికి పంపేస్తే, ఆ కసితో డేవ్ మస్టేన్ లాస్ ఏంజిల్స్‌లో బాసిస్ట్ డేవిడ్ ఎలెఫ్సన్‌తో కలిసి పెట్టిన బ్యాండ్ ఇది. మెటాలికా, స్లేయర్, ఆంత్రాక్స్‌తో కలిపి త్రాష్‌లో (మహా వేగంగా సాగే మెటల్) 'బిగ్ ఫోర్' అంటారు. 2008లో బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో వాయించి వెళ్లారు కూడా. మన హైదరాబాద్ మెటల్ బ్యాచ్‌లో ఇప్పటికీ ఆ షో ఊసెత్తితే చాలు, కబుర్లు ఒక పట్టాన ఆగవు.

అసలు విషయం 'రస్ట్ ఇన్ పీస్'. 1990 ఆల్బమ్, తొమ్మిది పాటలు, నలభై నిమిషాలు. గిటార్‌కి మార్టీ ఫ్రీడ్‌మన్, డ్రమ్స్‌కి నిక్ మెంజా కొత్తగా వచ్చి చేరిన సమయం. మైక్ క్లింక్ ప్రొడ్యూస్ చేశాడు, మాక్స్ నార్మన్ మిక్స్ చేశాడు. ఇంతవరకు బాగానే ఉంది. 2004లో మస్టేన్ తన పాత ఆల్బమ్స్‌ని ముందేసుకుని మళ్లీ మిక్స్ చేయించాడు. అప్పటికి కొన్ని పాటల ఒరిజినల్ వోకల్ ట్రాకులు కనపడకుండా పోయాయి, దాంతో 'టేక్ నో ప్రిజనర్స్', 'ఫైవ్ మ్యాజిక్స్', 'లుక్రీషియా' లాంటివి కొత్తగా పాడాడు. పద్నాలుగేళ్ల తర్వాతి గొంతు అది! పాత మ్యూజిక్ మీద కొత్త గొంతు. యాప్‌లో ఈ ఆల్బమ్ వెతికితే ఎదురయ్యేది ఎక్కువగా ఈ 2004 వెర్షనే, బోనస్ ట్రాకులతో. కొత్తగా వినేవాళ్లకి ఇందులో ఏదో మారిందని కూడా తెలియదు.

నాకు నచ్చలేదు. ఒరిజినల్‌లో 'టేక్ నో ప్రిజనర్స్' మొదట్లో అందరూ కలిసి అరిచే చోట గొంతులో ఒక చిరాకు ఉంటుంది, పళ్లు కొరుకుతూ పాడినట్టు. 2004లో అది జాగ్రత్తగా పాడినట్టుంది. డ్రమ్స్ ముందుకి తోసేశారు, సౌండ్ మొత్తం పెంచేశారు. రెండు ఫైళ్లనీ ఆడాసిటీ అనే ఆడియో సాఫ్ట్‌వేర్‌లో తెరిచి చూస్తే ఒరిజినల్ వేవ్‌ఫామ్‌లో ఎత్తుపల్లాలు కనిపిస్తాయి, 2004ది ఇస్త్రీ చేసినట్టు చదునుగా ఉంటుంది. దీన్ని లాస్‌లెస్‌లో ఇచ్చినా, ఆ చదునుని పొల్లు పోకుండా ఇస్తారు. నన్నడిగితే 2004 లాస్‌లెస్ కంటే 1990 సీడీ నుంచి తీసిన, సెకనుకి 320 కిలోబిట్ల ఎంపీ3 నయం. రీమిక్స్ ఎడిషన్‌లో మంచిదంటూ ఏమైనా ఉందంటే, ఫ్రీడ్‌మన్ రాకముందు పాత గిటారిస్ట్ క్రిస్ పోలండ్‌తో చేసిన డెమోలు. అవి తప్పకుండా వినండి.

ఒరిజినల్ సీడీ ఫ్లాక్ మాత్రం వేరే లెవెల్. 'హోలీ వార్స్' మధ్యలో మొత్తం ఆగిపోయి అకూస్టిక్ గిటార్ ఒక్కటే వచ్చే చోట తీగ మీద వేలి రాపిడి దాకా తెలుస్తుంది, వెంటనే మళ్లీ రిఫ్ విరుచుకుపడినప్పుడు ఉలిక్కిపడతాం. 'డాన్ పెట్రోల్'లో గిటార్లే ఉండవు, బాస్, డ్రమ్స్, పైన మాట్లాడుతున్నట్టు గొంతు. హెడ్‌ఫోన్స్‌కి పరీక్ష పెట్టాలంటే ఇదే సరైన పాట.

మిగతా మూడూ త్వరగా. 'పీస్ సెల్స్' (1986)కి కథ ఉంది: చిన్న లేబుల్‌కి రాండీ బర్న్స్‌తో చేసింది, తర్వాత పెద్ద లేబుల్ క్యాపిటల్ తీసుకుని పాల్ లానీతో మళ్లీ మిక్స్ చేయించింది. 2004 ఎడిషన్‌లో బర్న్స్ మిక్సులు కూడా కొన్ని ఉన్నాయి, టైటిల్ సాంగ్ బాస్ ఇంట్రో కోసమైనా ఆ ఎడిషన్‌కి వెళ్లొచ్చు. 'సో ఫార్, సో గుడ్' (1988) ఒరిజినల్ మరీ బురదబురదగా ఉంటుంది, అంతా ఎకో. రీమిక్స్ మీద ఇంత గొడవ చేస్తున్న నేను కూడా ఇక్కడ 2004కే ఓటేస్తా. 'కౌంట్‌డౌన్ టు ఎక్స్‌టింక్షన్' (1992) ఒరిజినల్ రికార్డింగే శుభ్రంగా, పొడిగా ఉంటుంది, బిల్‌బోర్డ్‌లో రెండో స్థానం దాకా వెళ్లిన ఆల్బమ్. సీడీ దొరికితే వదలకండి.

ఇక లాస్‌లెస్ సంగతి. సీడీ అంటే 16 బిట్, 44.1 కిలోహెర్ట్జ్, సెకనుకి 1411 కిలోబిట్లు. ఫ్లాక్ అదే డేటాని ఏమీ పోగొట్టకుండా చిన్నది చేస్తుంది, కానీ డిస్టార్షన్ గిటార్లు, సింబల్స్ నిండిన త్రాష్ పెద్దగా కుంచించుకుపోదు, ఫైల్ బరువుగానే ఉంటుంది. తేడా ఎక్కడ తెలుస్తుందంటే సింబల్స్‌లో. 128 ఎంపీ3లో మెంజా హై-హ్యాట్ నీళ్లలో వాయించినట్టు జివ్వుమంటుంది. 256 ఏఏసీకీ (ఎంపీ3 లాంటి ఇంకో కుదింపు ఫార్మాట్) లాస్‌లెస్‌కీ మాత్రం, రెండూ ఒకే మాస్టర్ (చివరి రికార్డింగ్) నుంచి తీసినవైతే, కళ్లు మూసుకుని వింటే నాకు దాదాపు తెలియలేదు. తెలుస్తుందనేవాళ్లతో వాదించను. బ్లూటూత్ ఇయర్‌బడ్స్‌లో లాస్‌లెస్ కోసం తాపత్రయపడటం మాత్రం డేటా దండగ, ఐఫోన్ ఎలాగూ ఏఏసీలోకి కుదించే పంపుతుంది.

ఇంకో చికాకు, దొంగ ఫ్లాక్‌లు. మన దగ్గర హార్డ్ డిస్క్ నుంచి హార్డ్ డిస్క్‌కి తిరిగే కలెక్షన్లలో ఎంపీ3ని ఫ్లాక్‌గా మార్చి పెట్టినవి చాలా ఉంటాయి. సైజ్ చూసి మోసపోకండి. స్పెక్ అనే చిన్న ఉచిత సాఫ్ట్‌వేర్‌లో ఫైల్ వేసి చూడండి. రంగులు 22 కిలోహెర్ట్జ్ దగ్గరిదాకా పాకితే పర్వాలేదు. 16 దగ్గర గీత గీసినట్టు తెగిపోయి పైనంతా నలుపు ఉంటే అది 128 ఎంపీ3కి వేసిన వేషం అనుకోవచ్చు. నాకు అలా వచ్చిన 'కౌంట్‌డౌన్' ఫోల్డర్ మొత్తం డిలీట్ చేయాల్సి వచ్చింది.

కాబట్టి ఆల్బమ్ పేరు పక్కన 2004 అని ఉందేమో ముందు చూడండి. 'రస్ట్ ఇన్ పీస్' పాత సీడీ సెకండ్ హ్యాండ్‌లో దొరికితే, ట్రాకులు తొమ్మిదే ఉన్నాయో లేదో వెనక లెక్కపెట్టుకుని తీసుకోండి. పదమూడు కనిపిస్తే అది రీమిక్స్.