కంపెనీ పోర్టల్‌తో తొమ్మిదేళ్లు

మా కంపెనీ ఉద్యోగుల పోర్టల్‌ను నేను 2016లో చెన్నైలో ఉద్యోగంలో చేరిన రోజు నుంచి వాడుతున్నాను. సెలవు పెట్టుకోవడం, పేస్లిప్ తీసుకోవడం, ఏటా జూన్ 15 లోపు రావలసిన ఫారం 16 (జీతంలో కోసిన పన్నుకు కంపెనీ ఇచ్చే ధ్రువపత్రం) డౌన్‌లోడ్ చేసుకోవడం వంటి పనుల్లో ఇది నన్ను దాదాపు ఎన్నడూ ఇబ్బంది పెట్టలేదు. ఇంటి రుణానికి బ్యాంకువారు మూడు నెలల పేస్లిప్‌లు అడిగితే అక్కడే కూర్చుని ఫోన్‌లో తీసి ఇచ్చాను. జీతం సర్టిఫికెట్ కోసం మా నాన్నగారు గుమాస్తా చుట్టూ వారం రోజులు తిరిగేవారు కనుక, ఇది చిన్న మేలు అనను.

చిక్కంతా మనం మార్చడానికి వీల్లేని గడుల దగ్గరే. 2022 జూన్‌లో నాకు హైదరాబాద్‌కు బదిలీ అయింది. చిరునామా, బ్యాంకు ఖాతా నేనే మార్చుకున్నాను గానీ, ‘పనిచేసే ఊరు’ అన్న గడి మాత్రం చెన్నై అనే చూపిస్తూ ఉండిపోయింది. తెలంగాణలో నెల జీతం 20,000 దాటితే నెలనెలా 200 రూపాయల వృత్తి పన్ను మినహాయించాలి. చెన్నైలో దాన్ని ఆరు నెలలకొకసారి లెక్కిస్తారు. ఆగస్టు పేస్లిప్‌లో ఆ వరుస కనిపించకపోవడంతో అనుమానం వచ్చి, ఆదాయపు పన్ను అంచనా పట్టిక తెరిచి చూశాను. అప్పటి నిబంధనల ప్రకారం అద్దె భత్యం మినహాయింపు లెక్కలో చెన్నైకి మూల వేతనంలో 50 శాతం, హైదరాబాద్‌కు 40 శాతం పరిమితి ఉండేది. పోర్టల్ నాకు ఇంకా 50 శాతమే వేస్తోంది. అంటే నా దగ్గర కోయవలసిన దానికన్నా తక్కువ పన్ను కోస్తోంది.

పోర్టల్‌లోనే ఫిర్యాదు, అంటే టికెట్, పెట్టాను. ఊరు మార్చవలసింది హెచ్‌ఆర్ అని జీతాల లెక్క చూసే పేరోల్ వారు, తమ రికార్డులో హైదరాబాద్ అనే ఉందని హెచ్‌ఆర్ వారు సమాధానమిచ్చి, ఇద్దరూ ‘పరిష్కారమైంది’ అని టికెట్ మూసేశారు. మూడో టికెట్‌కు రెండు పేస్లిప్‌లు, బదిలీ ఉత్తర్వు జతచేస్తే నవంబరులో సరిచేశారు. తగ్గిన పన్నంతా డిసెంబరు నుంచి మార్చి వరకు నాలుగు జీతాల్లో కోశారు.

2023 ఏప్రిల్ నుంచి కొత్త పన్ను విధానమే సహజ ఎంపిక కావడంతో, అద్దె భత్యం వంటి మినహాయింపులున్న పాతది కావాలనుకునేవారు పోర్టల్‌లో ఆ సంగతి చెప్పుకోవాలి. గడువు దాటితే ఆ బటన్ మూసుకుపోతుంది. వ్యాపార ఆదాయం లేని జీతగాళ్లు గడువులోగా రిటర్ను వేసేటప్పుడు మళ్లీ ఎంచుకోవచ్చన్న ఒక్క వాక్యం ఆ పేజీలో రాసి ఉంటే, మా బృందంలో ఇద్దరు అంత కంగారు పడేవారు కాదు. జనవరిలో అద్దె రసీదులు పెట్టే పేజీ సంగతి వేరే చెప్పాలా? సగం రసీదులు ఎక్కించేసరికి లాగిన్ గడువు తీరిపోతుంది.

నా మార్కులు ఐదుకు మూడు. బదిలీ అయినవారు మొదటి పేస్లిప్‌లోనే వృత్తి పన్ను వరుస చూసుకోవడం మంచిది. అత్యవసర సంప్రదింపు గడిలో నాకు ఇప్పటికీ చెన్నై ఇంటి యజమాని నంబరే ఉంది. అది మాత్రం నేనే మార్చుకోగలిగిన గడి.